కదలని కమోడు, కలత లేని ముదిమి
పెద్దల సౌకర్యం కోసం మరుగుదొడ్డిని మార్చుకొనే కుటుంబాలకు కొన్ని సూచనలు

మరుగుదొడ్డికి రుణం కోరి బ్యాంకు శాఖకు వచ్చేవారు సాధారణంగా గుంతల లోతును గురించి, గోడల ఎత్తును గురించి, తలుపు ధరను గురించి అడుగుతారు. మనిషి తన బరువంతా మోపి కూర్చొనే పీఠం నేలకు ఏ విధంగా బిగించబడుతుందో అడిగేవారు బహు అరుదు. అది మేస్త్రీ చూసుకొనే పని అని మనం భావిస్తాము. గుంతలు, గోడలు చక్కగా కుదిరిన మరుగుదొడ్డిలో కూడా పీఠం కదిలితే ఆ కట్టడం వలన ఎవరికి మేలు కలగాలని ఆశించామో వారికే అది ప్రమాదకరంగా పరిణమిస్తుంది. క్షేత్రాధికారిగా గ్రామాలు తిరిగే క్రమంలో గమనించిన విషయాలను, మేస్త్రీల వద్ద, ప్లంబర్ల వద్ద తెలిసికొన్న మెలకువలను పాఠకుల ముందు ఉంచడమే ఈ వ్యాసం ఉద్దేశం.

మార్పు అవసరం ఎందుకు వచ్చింది?

మన దేశంలో కేంద్ర గ్రామీణ పారిశుద్ధ్య కార్యక్రమం 1986లో మొదలైనది. 1999లో సంపూర్ణ పారిశుద్ధ్య ఉద్యమం, 2012లో నిర్మల్ భారత్ అభియాన్ వచ్చాయి. 2014 అక్టోబరు 2న స్వచ్ఛ భారత్ మిషన్ ప్రారంభమై, అర్హత గల గ్రామీణ కుటుంబానికి 12,000 రూపాయల ప్రోత్సాహకాన్ని ఇచ్చింది. ఈ దశలన్నింటిలో పల్లెలలో కట్టిన మరుగుదొడ్లలో అత్యధికం గొంతుక్కూర్చొనే పాన్ ఉన్నవే. తక్కువ నీటితో శుభ్రపడేది, తక్కువ ఖర్చుతో అయ్యేది కనుక ఆ ఎంపిక సరైనదే.

అయితే నాడు నడివయసులో ఉండి ఆ దొడ్డి కట్టించినవారు నేడు వృద్ధులైనారు. మోకాళ్లు వంగవు. వంగినా తిరిగి లేవడం కష్టం. పక్షవాతం వచ్చినవారు, తుంటి ఎముకకు శస్త్రచికిత్స జరిగినవారు, నిండు చూలాలు కూడా ఇదే ఇబ్బందిని ఎదుర్కొంటారు. పైకి చెప్పుకోలేని ఈ కష్టానికి పెద్దలు తమంతట తాము ఒక ఉపాయం ఆలోచిస్తారు: నీళ్లు తాగడం తగ్గిస్తారు, రాత్రి భోజనం మానుకొంటారు. ఇంట్లోవారు దానిని వయసు మీదపడడం అనుకొంటారు. కారణం మాత్రం మరుగుదొడ్డిలో ఉన్నది.

ఇందుకు పరిష్కారంగా అనేక కుటుంబాలు కమోడు పెట్టించుకొంటున్నాయి. ఆలోచన మంచిదే. అమరిక సరిగా లేకపోతే మాత్రం ఒక కష్టం తీరి మరొకటి వచ్చి చేరుతుంది. ఒక గ్రామంలో సంఘ సభ్యురాలి ఇంట రుణ వినియోగం పరిశీలించడానికి వెళ్లినప్పుడు, కమోడు పెట్టించి ఆరు నెలలైనా కాలేదు. ఆమె అత్తగారు దానిని వాడడం మానివేసినారు. కారణం అడిగితే ఆ పెద్దావిడ, “దాని మీద కూర్చుంటే పడవలో కూర్చున్నట్టుంటుంది బాబూ, ఎప్పుడు ఏ పక్కకు ఒరుగుతుందో తెలియదు” అన్నారు. చేతితో తాకి చూస్తే పీఠం ఒక పక్క వేలి మందాన లేస్తున్నది. అడుగున సన్నగా నీరు ఊరుతున్నది. రుణం నిజంగా మరుగుదొడ్డికే వినియోగమైనదని మా కాగితం మీద రాసుకోవచ్చు. ఆమెకు మాత్రం దాని వలన ప్రయోజనం లేదు.

పీఠం ఎందుకు కదులుతుంది?

ముఖ్యంగా నాలుగు కారణాలు కనిపిస్తాయి.

మొదటిది, నేల కుంగడం. పాత పాన్‌ను, దాని కింది ట్రాపును తవ్వి తీసిన తరువాత ఆ చోట పెద్ద గొయ్యి ఏర్పడుతుంది. పగిలిన ఇటుక ముక్కలు, తవ్విన మట్టి అందులోనే పోసి, పైన సిమెంటు పూసి, ఆ మరునాడే కమోడు నిలబెడతారు. నెలలు గడిచేకొద్దీ లోపలి మట్టి కుంగుతుంది. పైన ఉన్న పలుచని పొర పగులుతుంది. నల్లరేగడి నేలల్లో ఈ బాధ మరింత ఎక్కువ. ఆ మన్ను తడికి ఉబ్బి, ఎండకు కుంచించుకుపోతుంది.

రెండవది, నేల వాలు. స్నానపు నీరు పోవడానికి మేస్త్రీ నేలను వాలుగా వేస్తాడు. 60కి 1 వంతు వాలు అనుకొందాము. సుమారు 400 మిల్లీమీటర్ల పొడవు గల కమోడు అడుగు భాగం కింద ఒక కొసకు, మరో కొసకు 6 నుండి 7 మిల్లీమీటర్ల తేడా వస్తుంది. రెండు దిక్కుల వాలు కలిసేచోట కమోడు పెడితే అడుగు మూడు చోట్ల మాత్రమే ఆని, నాలుగవ చోట గాలిలో తేలుతుంది. మూడు కాళ్ల మీద ఆనిన బల్ల ఊగినట్లే అదీ ఊగుతుంది.

మూడవది, బోల్టులు లేకపోవడం, లేదా ఉన్నా పట్టు లేకపోవడం. కేవలం తెల్ల సిమెంటు అంటించి వదిలివేసిన కమోడులు పల్లెల్లోనే కాదు, పట్టణాల్లోనూ కనిపిస్తాయి. బోల్టు వేసినా అది పైనున్న టైల్స్ మందానికే పరిమితమై, కింది కాంక్రీటులోకి దిగకపోతే పట్టు ఉండదు.

నాలుగవది, గొట్టంతో కుదరని అతుకు. గొట్టం నోరు ఒక చోట, కమోడు నోరు మరొక చోట ఉంటే ప్లంబరు బలవంతంగా నెట్టి కలుపుతాడు. ఆ ఒత్తిడి ఎల్లప్పుడూ పీఠాన్ని ఒక పక్కకు తోస్తూనే ఉంటుంది.

పాఠశాలలో మనం చదువుకొన్న తులాదండ సూత్రం ఇక్కడ పనిచేస్తుంది. నిశ్చలంగా కూర్చొన్న మనిషి బరువు పీఠం నడుమన పడుతుంది. లేవబోయేటప్పుడు మనిషి ముందుకు వంగుతాడు. బరువు ముందు అంచు మీదికి జరుగుతుంది. ముందు అంచు ఆనిక బిందువుగా మారి, వెనుక భాగం పైకి లేవజూస్తుంది. వృద్ధులు పక్కకు చేయి ఆనించి లేస్తారు కనుక పక్కవాటు లాగుడు కూడా ఉంటుంది. అందువలన పీఠానికి అసలైన పరీక్ష మనిషి కూర్చొన్నప్పుడు కాదు, లేచినప్పుడు.

కొనుగోలుకు ముందు కొలతలు

కమోడులు ముఖ్యంగా రెండు రకాలు. మలినం కిందికి, అనగా నేలలోని గొట్టంలోకి పోయే రకాన్ని దుకాణాల్లో ‘ఎస్ ట్రాప్’ అంటారు. వెనుక గోడవైపు పోయే రకాన్ని ‘పి ట్రాప్’ అంటారు. మీ ఇంటి గొట్టం ఏ దారిన పోతున్నదో చూడకుండా కమోడు కొనవద్దు.

ఎస్ ట్రాప్ రకానికి వెనుక గోడ నుండి గొట్టం నడిబొడ్డు వరకు ఉన్న దూరం కీలకం. ఈ దూరాన్ని పూర్తయిన గోడ నుండి కొలవాలి. గిలాబా, టైల్స్ కలిసి ఒక అంగుళం వరకు మింగివేస్తాయి. పి ట్రాప్ రకానికి పూర్తయిన నేల నుండి గొట్టం నడిబొడ్డు ఎత్తు ఎంతో కొలవాలి. ఈ కొలతలు కాగితం మీద రాసికొని దుకాణానికి వెళ్లండి. వీలైతే మేస్త్రీని వెంట తీసుకొని వెళ్లండి. కమోడు ముందుగా తెచ్చి, దానికి తగినట్లు గొట్టం వేయించడం అన్నింటికన్నా ఉత్తమం.

తరువాతి కొలత వాడేవారిది. సాధారణ కమోడు ఎత్తు సుమారు 400 మిల్లీమీటర్లు ఉంటుంది. వికలాంగుల సౌకర్యం కోసం మన దేశంలో రూపొందించిన ప్రమాణాలు పీఠం పైభాగం 450 నుండి 480 మిల్లీమీటర్ల ఎత్తులో ఉండాలని సూచిస్తాయి. పీఠం ఎత్తు పెరిగేకొద్దీ లేవడం సులభం. అట్లని పాదాలు నేలకు ఆనకుండా వేలాడకూడదు. ఇంట్లో పెద్దవారిని కుర్చీలో కూర్చోబెట్టి, అరికాలి నుండి మోకాలి వెనుక మడత వరకు టేపుతో కొలవండి. అంగడివాని మాటకన్నా ఆ అంకె మీకు బాగా దారి చూపుతుంది.

గొయ్యి పూడ్చే పద్ధతి

పాత పాన్ తీసివేసేటప్పుడు దాని ట్రాపును కూడా తప్పక తీయించండి. కమోడు లోపలే ఒక ట్రాపు ఉంటుంది. పాత ట్రాపును కింద అట్లాగే ఉంచి పైన కమోడు కలిపితే రెండు ట్రాపుల నడుమ గాలి చిక్కుకొని నీరు వేగంగా పోదు, తరచూ అడ్డుపడుతుంది. ఖర్చు తగ్గించుకొందామని చేసే ఈ పొరపాటు పల్లెల్లో సర్వసాధారణం.

గొయ్యిని ఇసుకతో గాని మొరంతో గాని అరడుగు చొప్పున పొరలుగా పోసి, ప్రతి పొరనూ తడిపి దిమ్మిసతో కొట్టించండి. ఇటుక ముక్కలు, తవ్విన మన్ను పనికిరావు. ఆ పైన 4 అంగుళాల మందాన కాంక్రీటు వేయించండి. సిమెంటు 1 పాలు, ఇసుక 2 పాళ్లు, కంకర 4 పాళ్లు చొప్పున కలిపిన కాంక్రీటు బోల్టులకు గట్టి పట్టునిస్తుంది. కమోడు నిలబడే మేరకు నేలను వాలు లేకుండా సమమట్టంగా ఉంచి, మిగిలిన గదికి మాత్రమే వాలు ఇమ్మని మేస్త్రీకి ముందుగానే చెప్పండి. టైల్స్ గాని, కడప బండలు గాని పరిచేటప్పుడు అడుగున బోలు లేకుండా చూడండి. కర్రతో తట్టినప్పుడు డొల్ల శబ్దం వచ్చిన పలకను తీయించి మళ్లీ వేయించాలి. కాంక్రీటుకు కనీసం 7 రోజులు నీళ్లు పెట్టిన తరువాతనే రంధ్రాలు వేయించండి. ఈ వారం రోజులు కుటుంబం ఎక్కడికి వెళ్లాలన్న ప్రశ్న సహజం. పొరుగువారితో గాని బంధువులతో గాని ముందుగా మాట్లాడి ఉంచుకోండి. ఆ ఏర్పాటు లేకపోవడం వలననే అనేక చోట్ల పని తొందరపడి చెడిపోతున్నది.

బిగించే క్రమం

1. ముందుగా కమోడును ఏమీ అంటించకుండా ఊరక దాని స్థానంలో నిలబెట్టి చూడాలి. గొట్టం నోటితో తిన్నగా కుదిరినదో లేదో గమనించాలి. స్పిరిట్ లెవెల్‌ను పైన అడ్డంగా ఒకసారి, నిలువుగా ఒకసారి పెట్టి చూడాలి. నాలుగు మూలలా చేతితో నొక్కాలి. ఎక్కడ ఊగితే అక్కడ అడుగున తుప్పు పట్టని పలుచని ప్లాస్టిక్ బిళ్లలను చొప్పించాలి. కర్ర పేళ్లు, అట్టముక్కలు తడికి కుళ్లిపోతాయి, వాటిని వాడరాదు.

2. కమోడు కాలి వద్ద ఉన్న రంధ్రాల గుండా పెన్సిలుతో నేల మీద గుర్తులు పెట్టి, అడుగు చుట్టూ గీత గీసి, కమోడును పక్కకు తీయాలి.

3. గుర్తుల వద్ద రంధ్రాలు వేయాలి. టైల్స్ దాటేవరకు డ్రిల్లు యంత్రాన్ని సుత్తి దెబ్బ లేకుండా నెమ్మదిగా నడపాలి. ఆ తరువాతనే కాంక్రీటులోకి సుత్తి దెబ్బతో దించాలి. నేల కింద నీటి గొట్టం పోయే దారి ముందే తెలిసికొని ఉండాలి. తడి నేల మీద విద్యుత్ యంత్రం నడపరాదు.

4. రంధ్రంలోని పొడిని పూర్తిగా ఊది గాని కుంచెతో గాని తీసివేయాలి. పొడి మిగిలితే ప్లగ్గు జారుతుంది. ప్లగ్గు టైల్స్ మందాన్ని దాటి పూర్తిగా కాంక్రీటులో దిగాలి. బోల్టులు తుప్పు పట్టని రకం కావాలి. మామూలు ఇనుప మేకు తడిలో కొద్ది కాలానికే తుప్పు పట్టి పట్టు వదులుతుంది.

5. గొట్టం అతుకు వద్ద సరైన కొలత గల రబ్బరు కాలరు వేసి కమోడును గీత వెంబడి తిన్నగా దించాలి. బలవంతంగా నెట్టవలసి వచ్చిందంటే కొలత తప్పినట్లే. అక్కడ ఆగి, సరిచేసి, తరువాత ముందుకు సాగాలి.

6. బోల్టుకు ప్లాస్టిక్ వాషరు వేసి, కుడి ఎడమలను మార్చి మార్చి కొద్దికొద్దిగా బిగించాలి. ఒకవైపే పూర్తిగా బిగిస్తే రెండవవైపు లేస్తుంది. పీఠం కదలిక ఆగిన తరువాత మరింత బలం పెట్టరాదు. పింగాణి వంగదు, పగులుతుంది. వెంట్రుక సన్నని బీట ఆనాడు కనిపించకపోవచ్చు. ఆ తరువాత ఒకనాడు అది మనిషి బరువుకు విడిపోతే కలిగే గాయం లోతైనది.

7. అడుగు చుట్టూ సిలికాన్ పూయాలి. వెనుకవైపు కొద్ది మేర ఖాళీ వదలడం మంచిది. లోపల అతుకు కారితే ఆ నీరు బయటికి వచ్చి మనకు తెలుస్తుంది. చుట్టూ మూసివేస్తే నీరు అడుగుననే నిలిచి నేలను తినివేస్తుంది. సిలికాన్ ఆరడానికి ఒక పూర్తి రోజు వాడకుండా ఉంచాలి.

కమోడు అడుగంతా గట్టి సిమెంటుతో నింపితే ఇంకా దృఢంగా ఉంటుందని కొందరు మేస్త్రీలు అంటారు. సిమెంటు, పింగాణి వేడికి, తడికి ఒకే తీరుగా సాగవు, ముడుచుకోవు. అందువలన పింగాణి పగిలే అవకాశం ఉన్నది. పైగా రేపు అతుకు బాగుచేయవలసి వస్తే కమోడును పగులగొట్టక తప్పదు. బోల్టులతో బిగించి, సిలికాన్ పూసినదైతే మరలు విప్పి, కోసి, తిరిగి వాడుకోవచ్చు.

పట్టుకొనే కమ్మీ, తలుపు, దీపం

వృద్ధులు లేచేటప్పుడు చేతికి అందినదాన్ని పట్టుకొంటారు. అది కుళాయి కావచ్చు, నీటి తొట్టి అంచు కావచ్చు, తువ్వాలు వేసే కడ్డీ కావచ్చు. ఇవేవీ మనిషి బరువును మోయడానికి అమర్చినవి కావు. కనుక కమోడు పక్క గోడకు గట్టి కమ్మీ ఒకటి తప్పక పెట్టించండి. పక్షవాతం వచ్చినవారికి బలమున్న చేతివైపున ఉండాలి. దాని బోల్టులు గిలాబాలో కాక ఇటుకలోకి దిగాలి. మట్టి గోడ, సిమెంటు రేకు గోడ అయితే గోడకు ఆవలివైపు ఇనుప పట్టీ వేసి ఆరపార బోల్టు బిగించాలి. లేదా నేలలో పాతిన గొట్టాన్నే కమ్మీగా మలచుకోవచ్చు.

తలుపు బయటికి తెరుచుకొనేటట్లు పెట్టించండి. లోపల పడిపోయిన మనిషి తలుపునకు అడ్డంగా ఉంటే లోపలికి తెరిచే తలుపును తీయడం అసాధ్యం. నున్నని టైల్స్‌కు బదులు గరుకువి ఎంచుకోండి. దీపం స్విచ్చి తలుపు బయట, చేతికందే ఎత్తులో ఉండాలి.

నేల పాన్‌తోనే సరిపుచ్చుకొనేవారికి

అందరికీ కమోడు అవసరం లేదు. గొంతుక్కూర్చోగలిగినవారికి పాన్ చక్కగా సరిపోతుంది. గ్రామీణ రకం పాన్‌కు 25 నుండి 28 డిగ్రీల వాలు, దాని ట్రాపుకు 20 మిల్లీమీటర్ల నీటి ముద్ర ఉంటాయి. అందుకే 1.5 నుండి 2 లీటర్ల నీటితో శుభ్రపడుతుంది. దుర్వాసనను, దోమలను ఆపేది ఆ 20 మిల్లీమీటర్ల నీరే. ట్రాపు ఒక పక్కకు ఒరిగితే ఆ నీటి ముద్ర తరిగిపోయి వాసన ఇంట్లోకి వస్తుంది. కాబట్టి పాన్‌ను, ట్రాపును అమర్చేటప్పుడు కూడా స్పిరిట్ లెవెల్ తప్పనిసరి. పాన్ అడుగున గట్టి పునాది, చుట్టూ దిమ్మిస చేసిన ఇసుక ఉండాలి. పాన్ నుండి గుంతకు పోయే గొట్టం వాలు 15 అడుగులకు 1 అడుగుకన్నా తగ్గరాదు.

మోకాళ్ల నొప్పి తాత్కాలికమైతే నేల తవ్వనవసరమే లేదు. పాన్ మీద నిలబెట్టుకొనే నడిమి ఖాళీ గల కుర్చీలు పట్టణపు అంగళ్లలో దొరుకుతాయి. కాళ్లకు రబ్బరు తొడుగులు ఉన్నవి, నాలుగు కాళ్లూ సమంగా ఆనేవి చూసి తీసుకోండి. ఇందుకు రుణం అక్కరలేదు. అక్కరలేని రుణం తీసుకోవద్దని చెప్పడం కూడా మా ఉద్యోగ ధర్మంలో భాగమే.

గుంత భరించగలదా?

కమోడుకు నీటి తొట్టి కలిపితే నీటి వాడకం పెరుగుతుంది. ఒకరు రోజుకు ఐదుసార్లు 6 లీటర్ల చొప్పున వదిలితే 30 లీటర్లు అవుతాయి. అదే పాన్ మీద 2 లీటర్ల చొప్పున 10 లీటర్లతో సరిపోయేది. జంట గుంతలు ఈ నీటిని నేలలోకి ఇంకించుకోవాలి. బంకమన్ను నేలలో అది నెమ్మదిగా జరుగుతుంది. అందువలన కమోడును పెద్దలకు మాత్రమే కేటాయించడం, మూత్రానికి తక్కువ నీరు వదిలే రెండు మీటల తొట్టిని ఎంచుకోవడం, స్నానపు నీటిని గుంతల్లోకి కలపకపోవడం అవసరం.

జంట గుంతల పద్ధతిలో ఒక గుంత నిండిన తరువాత మలినాన్ని రెండవ గుంతకు మళ్లిస్తారు. మొదటిదాన్ని ఒకటిన్నర నుండి రెండు సంవత్సరాలు మూసి ఉంచితే లోపలిది ఎరువుగా మారుతుంది. కమోడు పెట్టించే సమయంలోనే ఈ మళ్లింపు తొట్టిని తెరిచి, ఒక గుంత నిజంగా మూసి ఉన్నదా, రెండూ ఒకేసారి వాడుకలో ఉన్నవా పరిశీలించండి. సెప్టిక్ ట్యాంకు ఉన్నవారు దానిని యంత్రంతోనే తీయించాలి. రక్షణ పరికరాలు లేకుండా మనిషిని అందులోకి దించి శుభ్రం చేయించడం 2013 నాటి చట్టం ప్రకారం నేరం. అంతకు మించి, అందులోని విషవాయువు క్షణాల్లో ప్రాణం తీస్తుంది.

రుణం సంగతి

రిజర్వు బ్యాంకు ప్రాధాన్య రంగ మార్గదర్శకాలలో, లక్షలోపు జనాభా గల ఊళ్లలో గృహ మరుగుదొడ్ల నిర్మాణానికే కాక వాటి మార్పులకు, మెరుగుదలకు ఇచ్చే రుణాలకు కూడా చోటున్నది. కొత్త మరుగుదొడ్డికి ఇచ్చిన ప్రభుత్వ ప్రోత్సాహకం వేరు, ఉన్నదాన్ని మార్చుకొనే రుణం వేరు. ఈ రెండింటినీ కలిపి లెక్క వేసికొనవద్దు. ప్రస్తుతం ఏ సహాయం వర్తిస్తుందో గ్రామ పంచాయతీలో అడిగి తెలిసికోండి. స్వయం సహాయక సంఘాలను బ్యాంకులతో అనుసంధానించే ప్రయోగం నాబార్డు ఆధ్వర్యంలో 1992లో మొదలైనది. సంఘ సభ్యులకు ఇటువంటి చిన్న అవసరానికి సంఘం అంతర్గత రుణమే తరచుగా దగ్గరి దారి.

వడ్డీ లెక్కను మాత్రం జాగ్రత్తగా చూడండి. ఉదాహరణకు 20,000 రూపాయలు 24 నెలల్లో తీర్చేటట్లు, ఏటా 12 శాతం వడ్డీకి తీసుకొన్నారనుకొందాము. తగ్గుతున్న నిల్వపై వడ్డీ కడితే నెలకు సుమారు 942 రూపాయలు, మొత్తం వడ్డీ సుమారు 2,600 రూపాయలు అవుతుంది. అదే 12 శాతాన్ని తొలి మొత్తంపైనే చివరివరకు లెక్కిస్తే నెలకు సుమారు 1,033 రూపాయలు, మొత్తం వడ్డీ 4,800 రూపాయలు అవుతుంది. శాతం ఒకటే, భారం వేరు. కనుక “శాతం ఎంత?” అని మాత్రమే కాక “ఏ నిల్వపై?” అని కూడా అడగండి.

అంచనా రాయించేటప్పుడు కమోడు, తొట్టి ధరలతో ఆగవద్దు. పాత పాన్ తొలగింపు, గొయ్యి పూడ్పు, కాంక్రీటు, తుప్పు పట్టని బోల్టులు, రబ్బరు కాలరు, సిలికాన్, కమ్మీ, తలుపు మార్పు, కూలి విడివిడిగా రాయించండి. వీటిలో బోల్టులు, కాలరు, సిలికాన్ వెల మొత్తం ఖర్చులో స్వల్ప భాగమే. అయినా సొమ్ము చాలనప్పుడు మొదట కోతపడేవి ఇవే. అంచనా కాగితంలో వాటికి ప్రత్యేక వరుస ఉంటే కోత పడదు.

మేస్త్రీకి చివరి సొమ్ము చెల్లించే ముందు

కూలిలో కొంత భాగాన్ని పరీక్ష పూర్తయ్యేవరకు ఆపి ఉంచుతామని పని మొదలుకాక ముందే మర్యాదగా చెప్పండి. పనితనం గల మేస్త్రీ దీనికి కష్టపెట్టుకోడు.

ఆరిన తరువాత కమోడు చుట్టూ నేలను పొడి గుడ్డతో తుడిచి, వార్తాపత్రిక పరచండి. ఒక బకెట్టు నీటిని ఒక్కసారిగా పోయండి. ఇట్లా నాలుగైదుసార్లు చేయండి. కాగితం ఎక్కడ తడిసినా అతుకు కారుతున్నట్లే. తరువాత ఇంట్లో బరువైన వ్యక్తి కూర్చొని, ముందుకు వంగి, కుడికి ఎడమకు ఒరిగి, లేచి చూడాలి. మరొకరు నేల మీద చేయి పెట్టి అడుగు అంచు వద్ద కదలికను గమనించాలి. కమ్మీని పట్టుకొని బరువంతా వేసి లాగి చూడాలి. నెల రోజుల వాడుక తరువాత మళ్లీ ఒకసారి ఇవే పరీక్షలు జరపండి. ఆనాటికి నేల కుంగడం మొదలైతే పసిగట్టవచ్చు.

చివరగా, ఈ మార్పు ఎవరి కోసం తలపెట్టారో ఆ పెద్దలను ఒకసారి కూర్చోమని అడగండి. ఎత్తు సరిపోయిందా, కమ్మీ అందుతున్నదా, చెంబు చేతికి దొరుకుతున్నదా అని వారినే అడిగి తెలిసికోండి. వారు మొహమాటపడి అంతా బాగుందనవచ్చు. అందుకే మాట విన్న తరువాత, వారు లేచే తీరు కూడా గమనించండి. ఎవరి చేయీ అందుకోకుండా నిబ్బరంగా లేచి బయటికి వస్తే, మీరు తీసుకొన్న రుణం సద్వినియోగమైనట్లే. అప్పుడు మేస్త్రీకి మిగిలిన కూలి చెల్లించండి.